మార్క్ వివియెన్ ఫోయే: మైదానం నడుమ ఆగిపోయిన గుండె

2003 జూన్ 26 సాయంత్రం ఫ్రాన్స్‌లోని లియోన్ నగరంలో ఎండ ఇంకా తగ్గలేదు. జెర్లాన్ స్టేడియంలో కాన్ఫెడరేషన్స్ కప్ సెమీఫైనల్ జరుగుతోంది. కొలంబియాపై కామెరూన్ ఒక గోల్ ఆధిక్యంలో ఉంది. 72వ నిమిషంలో, మైదానం మధ్య వలయంలో, చుట్టుపక్కల ఎవరూ లేని చోట, ఆకుపచ్చ చొక్కా వేసుకున్న పొడవాటి ఆటగాడు ఒకరు ఉన్నపళంగా నేలకొరిగారు. ఎవరూ ఆయనను ఢీకొనలేదు. బంతి కూడా ఆయన దగ్గర లేదు. ఆ ఆటగాడి పేరు మార్క్ వివియెన్ ఫోయే. వయస్సు 28 ఏళ్ళు. తోటివారందరికీ ఆయన మార్కో.

ఫోయే పేరు చెప్పగానే ఎక్కువమందికి ఆ చివరి దృశ్యమే గుర్తుకు వస్తుంది. టెలివిజన్ దాన్ని అన్నిసార్లు చూపింది మరి. అయితే ఆ సాయంత్రానికి ముందు దాదాపు పదేళ్ళ వృత్తి జీవితం ఉంది. ఒక క్లబ్బు నుంచి మరో క్లబ్బుకు, ఒక దేశం నుంచి మరో దేశానికి మారుతూ, గాయాలనూ జబ్బులనూ దాటుకుంటూ సాగిన బాటసారి జీవితం అది. అందులో రెండు ఫ్రెంచి లీగ్ టైటిళ్ళు, రెండు ఆఫ్రికా కప్‌లు, రెండు ప్రపంచ కప్‌లు ఉన్నాయి. చేజారిన ఒక పెద్ద అవకాశమూ ఉంది.

ఫోయే 1975 మే 1న కామెరూన్ రాజధాని యావుండేలో జన్మించారు. ఆ దేశంలో ఆ తరం పిల్లలకు ఫుట్‌బాల్ అంటే ఏమిటో అర్థం కావాలంటే 1990 ప్రపంచ కప్‌ను గుర్తు చేసుకోవాలి. ఆ ఏడాది జూన్ 8న ఇటలీలోని మిలాన్‌లో జరిగిన ప్రారంభ మ్యాచ్‌లో, డీగో మారడోనా నాయకత్వంలోని నాటి ప్రపంచ విజేత అర్జెంటీనాను కామెరూన్ 1-0 తేడాతో ఓడించింది. మ్యాచ్ ముగిసేసరికి ఆ జట్టులో తొమ్మిది మందే మిగిలారు. ఇద్దరిని రిఫరీ బయటకు పంపేశారు. అయినా గెలిచారు. తరువాత 38 ఏళ్ళ రోజర్ మిల్లా గోల్స్‌తో క్వార్టర్ ఫైనల్ వరకు వెళ్ళారు. అంతవరకు ఏ ఆఫ్రికా జట్టూ ప్రపంచ కప్‌లో అంత దూరం వెళ్ళలేదు. లొంగని సింహాలు అన్న ఆ జట్టు ముద్దుపేరు అప్పుడే ప్రపంచానికి తెలిసింది. అప్పటికి ఫోయేకు పదిహేనేళ్ళు.

రెండో శ్రేణి క్లబ్బు యూనియన్ గరువాలో ఆట మొదలుపెట్టిన ఫోయే, ఆ తరువాత సొంత ఊరి పెద్ద క్లబ్బు కానన్ యావుండేలో చేరారు. 1971, 1978, 1980 సంవత్సరాలలో ఆఫ్రికా క్లబ్ విజేతగా నిలిచిన సంస్థ అది. 1993లో కానన్ కామెరూన్ కప్ గెలిచినప్పుడు ఫోయే ఆ జట్టులో ఉన్నారు. అదే ఏడాది ఆస్ట్రేలియాలో జరిగిన ప్రపంచ యువజన పోటీలలో దేశం తరఫున ఆడారు. సెప్టెంబరులో మెక్సికోపై సీనియర్ జట్టు చొక్కా వేసుకున్నారు. ఆ మరుసటి వేసవిలో, పందొమ్మిదేళ్ళ వయస్సులో, ఆయన అమెరికాలో ప్రపంచ కప్ ఆడుతున్నారు.

1994 ప్రపంచ కప్ కామెరూన్‌కు చేదు జ్ఞాపకం. స్వీడన్‌తో 2-2తో సమానంగా ముగించిన జట్టు, బ్రెజిల్ చేతిలో 0-3తోనూ, రష్యా చేతిలో 1-6తోనూ ఓడింది. చివరి మ్యాచ్‌లో రష్యా ఆటగాడు ఒలెగ్ సాలెంకో ఒక్కరే ఐదు గోల్స్ చేశారు. కామెరూన్ చేసిన ఆ ఒక్క గోల్ 42 ఏళ్ళ మిల్లాది. మూడు మ్యాచ్‌లలోనూ మొదటి నుంచి ఆడిన ఫోయేను మాత్రం ఐరోపా క్లబ్బులు గమనించాయి. ఆరడుగులు దాటిన ఎత్తు, బలమైన కాళ్ళు, మైదానం ఈ కొస నుంచి ఆ కొసకు పరుగెత్తే ఓపిక ఆయన సొత్తు. ఆయన స్ట్రైకర్ కాదు, మధ్యశ్రేణి ఆటగాడు. ప్రత్యర్థి దాడి డిఫెండర్ల దాకా రాకముందే అడ్డుకుని, బంతిని లాక్కుని, ముందున్నవారికి అందించడం ఆయన పని. గోల్ చేసినవాడి పేరు పత్రికలో వస్తుంది. ఈ పని చేసేవాడి విలువ కోచ్‌కు, సహచరులకు ఎక్కువగా తెలుస్తుంది.

ఓసేర్ క్లబ్బు నుంచి కూడా పిలుపు వచ్చినా, ఫోయే ఉత్తర ఫ్రాన్స్‌లోని లాన్స్‌ను ఎంచుకున్నారు. లాన్స్ బొగ్గు గనుల ఊరు. తరాల తరబడి అక్కడి మగవారు నేల కిందకు దిగి పనిచేశారు. 1980ల నాటికి ఊరి గనులు మూతపడ్డాయి. ఊరికి మిగిలిన గర్వకారణం ఫుట్‌బాల్ క్లబ్బే. ఎరుపు, పసుపు రంగుల ఆ చొక్కాను అక్కడివారు రక్తం, బంగారం అని పిలుచుకుంటారు. బొలార్ స్టేడియంలో ఉన్న కుర్చీలు ఆ పట్టణ జనాభాను మించి ఉంటాయంటే ఆ బంధం ఎంతటిదో ఊహించవచ్చు. ఏడాది పొడవునా వేడిగా ఉండే యావుండే నుంచి, శీతాకాలంలో మబ్బు వీడని ఆ మైనింగు పట్టణానికి వచ్చిన పందొమ్మిదేళ్ళ కుర్రవాడు అక్కడ నాలుగున్నరేళ్ళు ఉన్నాడు. ఆయన జీవితంలో ఏ క్లబ్బుకూ అంతకాలం ఆడలేదు.

1994 ఆగస్టు 13న మోంపెలియేపై గెలిచిన మ్యాచ్‌తో ఆయన లాన్స్ ప్రస్థానం మొదలైంది. కష్టపడి ఆడేవారిని అభిమానించే ఊరు అది. నేర్పు కంటే శ్రమను ముందుగా చూసే ప్రేక్షకులు వారు. ఫోయే వారికి సరిగ్గా సరిపోయిన ఆటగాడు. నాలుగో సీజనులో ఎవరూ ఊహించనిది జరిగింది. డానియెల్ లెక్లెర్క్ శిక్షణలో లాన్స్ 1997-98 ఫ్రెంచి లీగ్ టైటిల్ గెలిచింది. చివరి రోజు ఓసేర్ మైదానంలో 1-1తో సమానంగా ముగించి, మెట్జ్‌తో పాయింట్లలో సమానమై, గోల్స్ తేడాతో పైచేయి సాధించింది. ఆ క్లబ్బు చరిత్రలో అది మొదటి లీగ్ టైటిల్. ఆ ఒక్కటి తప్ప మరొకటి ఈ రెండు దశాబ్దాల పైచిలుకు కాలంలో రాలేదు.

ఆ విజయంతో ఫోయే పేరు ఇంగ్లండ్ దాకా వెళ్ళింది. మాంచెస్టర్ యునైటెడ్ ఆయనను కోరుకుంది. 30 లక్షల పౌండ్లు ఇస్తామన్నది ఆ క్లబ్బు ప్రతిపాదన. లాన్స్ ఒప్పుకోలేదు. బేరసారాలు ఇంకా సాగవలసి ఉంది. ఇంతలో 1998 ప్రపంచ కప్ సన్నాహక శిబిరంలో ఫోయే కాలు విరిగింది. ఫ్రాన్స్‌లోనే జరిగిన ఆ ప్రపంచ కప్, తాను నాలుగేళ్ళుగా ఆడుతున్న దేశంలో జరిగిన ఆ పండుగ, ఆయనకు దక్కలేదు. మాంచెస్టర్ బదిలీ కూడా అంతటితో ఆగిపోయింది. మరుసటి ఏడాది మాంచెస్టర్ యునైటెడ్ ఒకే సీజనులో ప్రీమియర్ లీగ్, ఎఫ్‌ఏ కప్, ఛాంపియన్స్ లీగ్ మూడూ గెలుచుకుంది. విరిగిన ఒక ఎముక ఒక ఆటగాడి దారిని ఎటు మళ్ళిస్తుందో చెప్పడానికి ఇంతకంటే ఉదాహరణ అక్కరలేదు. అయినా కోలుకున్నాక ఆయన ఆటలో ఆ నిస్పృహ కనబడలేదు.

1999 జనవరిలో లండన్‌లోని వెస్ట్ హామ్ యునైటెడ్ 42 లక్షల పౌండ్లు చెల్లించి ఆయనను తీసుకుంది. ఆ క్లబ్బు అప్పటివరకు ఏ ఆటగాడికీ అంత మొత్తం పెట్టలేదు. కోచ్ హ్యారీ రెడ్‌నాప్. ఆ సీజనులో జట్టు లీగ్‌లో ఐదో స్థానంలో నిలిచింది. వేసవిలో ఇంటర్‌టోటో కప్ పోటీలో మెట్జ్‌ను ఓడించి యుఏఫా కప్‌లో ప్రవేశించింది. ఫోయే ఏడాదిన్నరకు లండన్ విడిచారు. ఇంగ్లండ్ మొదటి మజిలీ గురించి ఇంతకంటే విశేషంగా చెప్పుకోవలసింది లేదు. బాగా ఆడిన రోజులూ ఉన్నాయి, సాదాగా గడిచిన రోజులూ ఉన్నాయి.

2000లో ఫ్రాన్స్ మళ్ళీ పిలిచింది. ఒలింపిక్ లియోన్ దాదాపు 60 లక్షల పౌండ్లతో ఆయనను కొన్నది. అక్కడ చేరిన కొద్దికాలానికే మలేరియా పట్టుకుంది. ఐరోపాలో ఆడే ఆఫ్రికా ఆటగాళ్ళకు ఇది కొత్త కాదు. సెలవులకో, జాతీయ జట్టు మ్యాచ్‌లకో స్వదేశం వెళ్ళి వచ్చినప్పుడు ఆ జ్వరం వెంటబడి రావడం మామూలే. మలేరియా మనిషిని ఎంత పీల్చేస్తుందో ఈ దేశంలో చాలామందికి అనుభవమే. చాలాకాలం ఆటకు దూరమైన ఫోయే, తిరిగి వచ్చాక 2001లో లియోన్ లీగ్ కప్ గెలుపులో భాగమయ్యారు.

2002 మే 4న జెర్లాన్‌లో జరిగిన మ్యాచ్‌ను ఇక్కడ చెప్పుకోవాలి. ఫ్రెంచి లీగ్ ఆఖరి రోజు అది. పట్టికలో మొదటి స్థానంలో ఉన్నది లాన్స్. దానికి ఒక్క పాయింటు దూరంలో లియోన్. ఆ రెండూ ఆ రోజు ముఖాముఖి తలపడ్డాయి. లాన్స్‌కు సమానంగా ముగించినా చాలు. లియోన్ గెలిచి తీరాలి. 3-1తో లియోన్ గెలిచింది, తన చరిత్రలో మొదటి లీగ్ టైటిల్ అందుకుంది. తరువాత వరుసగా మరో ఆరు టైటిళ్ళు ఆ క్లబ్బువే. ఫోయే మెడలో రెండో లీగ్ పతకం పడింది. మొదటి పతకం ఇచ్చిన ఊరు ఆ రాత్రి శోకంలో ఉంది.

క్లబ్బుల చొక్కాలు మారుతున్నా దేశం చొక్కా మాత్రం మారలేదు. నిజానికి ఒకసారి మారిందనే చెప్పాలి. 2002 ఆఫ్రికా కప్‌లో కామెరూన్ జట్టు చేతులు లేని చొక్కాలతో దిగి అందరినీ ఆశ్చర్యపరచింది. ప్రపంచ కప్‌లో అవి కుదరవని ఫిఫా తేల్చడంతో లోపల నల్లటి చేతులు కలిపి వేసుకోవలసి వచ్చింది. ఆ హంగామా అలా ఉంచితే, ఆ కాలపు కామెరూన్ నిజంగా గొప్ప జట్టు. 2000 ఫిబ్రవరిలో నైజీరియాలోని లేగోస్‌లో, వేలాదిమంది నైజీరియా అభిమానుల నడుమ, ఆతిథ్య జట్టుతో 2-2గా ముగించి, పెనాల్టీ షూటౌట్‌లో ఆఫ్రికా కప్ గెలిచింది. రెండేళ్ళకు మాలి రాజధాని బమాకోలో సెనెగల్‌పై మళ్ళీ పెనాల్టీలతోనే ఆ కప్‌ను నిలబెట్టుకుంది. రెండు జట్లలోనూ ఫోయే ఉన్నారు. ముందు శామ్యూల్ ఎటో, పాట్రిక్ ఎంబోమా గోల్స్ చేస్తుంటే, వెనుక రిగోబెర్ సాంగ్ కోటగోడలా నిలిచి ఉంటే, ఆ రెండింటి మధ్య ఖాళీని నింపే బాధ్యత ఫోయేది. 2002లో జపాన్, కొరియా దేశాలలో జరిగిన ప్రపంచ కప్‌లో ఆ జట్టు సౌదీ అరేబియాపై గెలిచినా, ఐర్లాండ్‌తో డ్రా, జర్మనీ చేతిలో ఓటమితో మొదటి దశలోనే వెనుదిరిగింది. మొత్తం మీద దేశం తరఫున ఆయన 60కి పైగా మ్యాచ్‌లు ఆడారు.

అదే వేసవిలో లియోన్ ఆయనను ఒక ఏడాది కోసం మాంచెస్టర్ సిటీకి అరువుగా ఇచ్చింది. నాలుగేళ్ళ క్రితం అందినట్టే అంది జారిపోయిన నగరానికి ఆయన చివరకు చేరుకున్నారు, కాకపోతే ఊరి రెండో క్లబ్బుకు. ఇప్పటి సిటీ వేరు, అప్పటి సిటీ వేరు. అప్పుడే కింది శ్రేణి నుంచి పైకి వచ్చిన జట్టు అది. టైటిళ్ళ మాట అటుంచి, ప్రీమియర్ లీగ్‌లో నిలబడడమే లక్ష్యం. కోచ్ కెవిన్ కీగన్ దాడి ఆటను ఇష్టపడే మనిషి. ముందుకు దూసుకుపోయే జట్టుకు వెనుక కాపలా కావాలి. ఫోయే ఆ కాపలా కోసం వచ్చారు.

మొదటి మ్యాచ్‌లో లీడ్స్ చేతిలో 0-3తో ఓటమి ఎదురైంది. ఆ తరువాత కుదురుకోవడానికి కొంత సమయం పట్టింది. డిసెంబరులో సండర్‌ల్యాండ్‌పై తొలి గోల్ చేశాక, కాపలా కోసం వచ్చిన ఆ ఆటగాడు స్ట్రైకర్‌లా గోల్స్ చేయడం మొదలుపెట్టారు. ప్రత్యర్థి పెనాల్టీ ప్రాంతంలోకి ఆలస్యంగా చొరబడి, పొడవును ఆసరాగా చేసుకుని బంతిని వలలోకి నెట్టేవారు. 38 లీగ్ మ్యాచ్‌లలో 35 ఆడి తొమ్మిది గోల్స్ చేశారు. వృత్తి జీవితంలో ఏ సీజనులోనూ ఆయన ఇన్ని గోల్స్ చేయలేదు. సిటీ తొమ్మిదో స్థానంలో నిలిచింది.

ఆ క్లబ్బుకు అది మెయిన్ రోడ్ స్టేడియంలో చివరి ఏడాది. 1923 నుంచి 80 ఏళ్ళుగా ఆడుతున్న ఇంటిని విడిచి, 2002 కామన్వెల్త్ క్రీడల కోసం నిర్మించిన కొత్త స్టేడియానికి మారబోతోంది. ఏప్రిల్ 21న సండర్‌ల్యాండ్ అక్కడికి వచ్చింది. సిటీ 3-0తో గెలిచింది. అందులో రెండు గోల్స్ ఫోయేవి, రెండోది 80వ నిమిషంలో. ఆ తరువాత మెయిన్ రోడ్‌లో మరో రెండు మ్యాచ్‌లు జరిగాయి. వెస్ట్ హామ్‌పై సిటీ 0-1తో ఓడింది, సౌతాంప్టన్‌పై కూడా 0-1తోనే ఓడింది. తరతరాల అభిమానులు కన్నీళ్ళతో వీడ్కోలు చెప్పడానికి వచ్చినా, సొంత జట్టు గోల్ వారికి దక్కలేదు. 80 ఏళ్ళ ఆ మైదానంలో సిటీ చేసిన ఆఖరి గోల్ అరువుకు వచ్చిన ఒక కామెరూన్ ఆటగాడిదిగా చరిత్రలో నిలిచిపోయింది. ఆ రోజున ఆ సంగతి ఆయనకు గానీ, గ్యాలరీలో ఉన్నవారికి గానీ తెలియదు.

సుదీర్ఘమైన సీజను ముగిసీ ముగియగానే ఫోయే కాన్ఫెడరేషన్స్ కప్ కోసం ఫ్రాన్స్ చేరుకున్నారు. ఆయా ఖండాల విజేతలు తలపడే ఆ పోటీ ఆటగాళ్ళ విశ్రాంతి రోజులను తినేస్తోందని ఐరోపా క్లబ్బులు అప్పటికే గొణుగుతున్నాయి. కామెరూన్ మాత్రం ఉత్సాహంగా ఆడింది. జూన్ 19న ప్రపంచ విజేత బ్రెజిల్‌ను ఎటో గోల్‌తో ఓడించింది. రెండు రోజులకే టర్కీపై గెలిచింది. సెమీఫైనల్ ఖాయమైనందున అమెరికాతో జరిగిన మూడో మ్యాచ్‌లో ఫోయేకు విశ్రాంతి ఇచ్చారు. ఆ రోజులలో ఆయనను విరేచనాలు, కడుపు నొప్పి బాధపెట్టాయని కుటుంబం తరువాత తెలిపింది.

సెమీఫైనల్ జెర్లాన్‌లో. ఆయన రెండేళ్ళు సొంత మైదానంగా చేసుకున్న చోటు, లీగ్ పతకం అందుకున్న చోటు. తొమ్మిదో నిమిషంలో పియస్ ఎన్డియెఫీ గోల్ చేశారు. రెండో సగంలో అలసట కనబడడంతో ఫోయేను వెనక్కి పిలవాలని కోచ్ విన్‌ఫ్రీడ్ షేఫర్ అనుకున్నారు. ఆడగలనని ఆయన సైగ చేశారు. కొద్ది నిమిషాలకే మధ్య వలయంలో పడిపోయారు.

సమీపంలో ఉన్న కొలంబియా ఆటగాళ్ళు సహాయం కోసం చేతులు ఊపారు. వైద్యులు వచ్చి స్ట్రెచరుపై బయటకు తీసుకువెళ్ళారు. నోటి ద్వారా శ్వాస అందించారు, ఆక్సిజన్ ఇచ్చారు. ఆగిన గుండెను కదిలించడానికి దాదాపు 45 నిమిషాలు ప్రయత్నించారు. స్టేడియంలోని వైద్య కేంద్రంలోనే ఆయన ప్రాణం పోయింది. ఈలోగా మ్యాచ్ కొనసాగి 1-0తో ముగిసింది. కామెరూన్ ఫైనల్‌కు చేరింది. తమ సహచరుడు లేడన్న సంగతి ఆటగాళ్ళకు మ్యాచ్ తరువాతనే తెలిసింది. విజయోత్సాహం రోదనగా మారింది.

అదే రాత్రి పారిస్ శివారులో ఫ్రాన్స్, టర్కీ మధ్య రెండో సెమీఫైనల్ జరిగింది. మొదటి గోల్ చేసిన తియెరీ ఆన్రీ, ఆయన సహచరులు సంబరం చేసుకోలేదు. ఆకాశం వైపు వేలు చూపారు. ఆ ఫ్రెంచి జట్టులో ఎందరో లీగ్‌లో ఫోయేకు ఎదురాడినవారు, కొందరు కలిసి ఆడినవారు. ఫైనల్ రద్దు చేయాలన్న మాటలు వినిపించాయి. చివరకు జూన్ 29న ఫైనల్ జరిగింది. అదనపు సమయంలో ఆన్రీ గోల్‌తో ఫ్రాన్స్ 1-0తో గెలిచింది. బహుమతి ప్రదానంలో కామెరూన్ ఆటగాళ్ళు ఫోయే నిలువెత్తు చిత్రాన్ని పట్టుకుని నిలబడ్డారు. ఫ్రాన్స్ కెప్టెన్ మార్సెల్ డెసాయి, కామెరూన్ కెప్టెన్ రిగోబెర్ సాంగ్ ఇద్దరూ కలిసి కప్‌ను ఎత్తారు. పోటీలో మూడో ఉత్తమ ఆటగాడికి ఇచ్చే కంచు బంతి ఫోయేకు మరణానంతరం దక్కింది.

మరణానికి కారణమేమిటన్న ప్రశ్నకు మొదటి శవపరీక్షలో జవాబు దొరకలేదు. ఎండ అన్నారు, అలసట అన్నారు, తీరికలేని క్యాలెండర్ అన్నారు. రెండో పరీక్షలో అసలు సంగతి బయటపడింది. ఆయన గుండె కండరం ఉండవలసిన దానికంటే మందంగా పెరిగింది. వైద్యులు దీనిని హైపర్‌ట్రోఫిక్ కార్డియోమయోపతి అంటారు. చాలావరకు వంశపారంపర్యంగా వచ్చే లోపం ఇది. తల్లిదండ్రులలో ఒకరికి ఆ జన్యులోపం ఉంటే ప్రతి బిడ్డకూ అది సంక్రమించే అవకాశం సగానికి సగం. సుమారు ప్రతి 500 మందిలో ఒకరికి ఉండవచ్చని అంచనా. వారిలో ఎక్కువమందికి జీవితమంతా ఏ లక్షణమూ తెలియదు. కానీ మందమైన ఆ కండరంలో విద్యుత్ ప్రసారం దారి తప్పే ప్రమాదం ఉంది. తీవ్రంగా శ్రమించే వేళ గుండె లయ తప్పి, కొట్టుకోవడం మాని వణకడం మొదలుపెడుతుంది. అప్పుడు రక్తం మెదడుకు చేరదు. మనిషి క్షణాలలో కుప్పకూలిపోతాడు.

ఇక్కడ ఒక చిక్కు ఉంది. ఏళ్ళ తరబడి కఠిన సాధన చేసే క్రీడాకారుల గుండె ఎలాగూ కొంత మందం అవుతుంది. అది జబ్బు కాదు, శ్రమకు శరీరం ఇచ్చే సహజమైన ప్రతిస్పందన. ఆరోగ్యకరమైన మందం ఏది, ప్రమాదకరమైన మందం ఏది అని తేల్చడానికి స్టెతస్కోప్ చాలదు. ఈసీజీ, ఎకో పరీక్షలు, కుటుంబంలో ఎవరైనా చిన్న వయస్సులో అకస్మాత్తుగా మరణించారా అన్న విచారణ అవసరం. ఇటలీ 1982 నుంచే పోటీ క్రీడాకారులకు ఈసీజీతో కూడిన పరీక్షను చట్టబద్ధంగా తప్పనిసరి చేసింది. మిగిలిన ఫుట్‌బాల్ ప్రపంచంలో చాలాభాగం అప్పటికి అంత పట్టించుకోలేదు. ఐరోపాలో నాలుగు పెద్ద క్లబ్బులకు, ఆపై ఒక జాతీయ జట్టుకు ఆడిన ఫోయే గుండెలోని లోపం చివరి వరకూ బయటపడలేదు.

ఆయన పోయిన ఏడు నెలలకు, 2004 జనవరిలో, పోర్చుగల్‌లో బెన్‌ఫికా ఆటగాడు మిక్లోష్ ఫెహేర్ మైదానంలోనే కూలి మరణించారు. అదే ఏడాది డిసెంబరు 5న భారతదేశం కూడా ఇటువంటి విషాదాన్ని చూసింది. బెంగళూరు కంఠీరవ స్టేడియంలో ఫెడరేషన్ కప్ ఫైనల్ జరుగుతోంది. గోవాకు చెందిన డెంపో తరఫున ఆడుతున్న బ్రెజిల్ స్ట్రైకర్ క్రిస్టియానో జూనియర్ మోహన్ బగాన్‌పై రెండో గోల్ చేస్తూ గోల్‌కీపర్‌ను ఢీకొని పడిపోయారు. మళ్ళీ లేవలేదు. ఆయన చేసిన రెండు గోల్స్‌తోనే డెంపో 2-0తో కప్ గెలిచింది. మైదానం పక్కన ఎటువంటి వైద్య ఏర్పాట్లు ఉండాలన్న ప్రశ్న ఆ రోజు నుంచి మన దేశంలోనూ వినిపిస్తోంది.

2006 ప్రపంచ కప్ నుంచి ఫిఫా పోటీకి ముందు ఆటగాళ్ళందరికీ గుండె పరీక్షతో కూడిన వైద్య పరిశీలన ప్రవేశపెట్టింది. ఆగిన గుండెకు విద్యుత్ షాక్ ఇచ్చే డీఫిబ్రిలేటర్లు మైదానం అంచుకు వచ్చాయి. గుండె ఆగిన తరువాత షాక్ ఇవ్వడంలో గడిచే ప్రతి నిమిషానికీ బతికే అవకాశం సుమారు ఏడు నుంచి పది శాతం తగ్గుతుంది. అందువల్ల ఆ యంత్రం ఆసుపత్రిలో ఉంటే చాలదు, పరుగెత్తి తెచ్చేంత దగ్గరలో ఉండాలి. 2012 మార్చిలో లండన్‌లో బోల్టన్ ఆటగాడు ఫాబ్రిస్ మువాంబా పడిపోయినప్పుడు ఆయన గుండె 78 నిమిషాలు ఆగినా వైద్యులు వదల్లేదు. ఆయన బతికారు. 2021 జూన్‌లో కోపెన్‌హేగన్‌లో డెన్మార్క్ ఆటగాడు క్రిస్టియన్ ఎరిక్సన్ పడిపోయినప్పుడు సహచరులు చుట్టూ గోడలా నిలబడ్డారు, వైద్యులు గడ్డి మీదనే షాక్ ఇచ్చారు. ఎరిక్సన్ తరువాత మళ్ళీ ఆడారు. 2003లో జెర్లాన్‌లో ఇటువంటి అలవాటు లేదు.

2003 జూలైలో కామెరూన్ ప్రభుత్వం ఫోయేకు అధికార లాంఛనాలతో అంత్యక్రియలు జరిపింది. దేశ అత్యున్నత పురస్కారాలలో ఒకటి మరణానంతరం ప్రకటించింది. యావుండేలో ఆయన సంపాదనతో పిల్లల కోసం ఒక ఫుట్‌బాల్ అకాడమీ నిర్మాణం మొదలైంది. ఆయనను ఆ స్థలంలోనే సమాధి చేశారు. ఆయన లేకుండా ఆ కట్టడం అనుకున్నట్టు సాగలేదు, ఏళ్ళు గడిచేకొద్దీ శిథిలమైంది. రాజధాని వీధులలో వేలాదిమంది కన్నీళ్ళు పెట్టుకున్న దేశంలో ఆ అకాడమీని నిలబెట్టేవారు కరవయ్యారు. పతకాలు, పదవులు మరణానంతరం ఇవ్వడం ఏ ప్రభుత్వానికైనా తేలిక. గోడలు కట్టి, పిల్లలకు బూట్లు కొని, నెలనెలా శిక్షకుడికి జీతం ఇవ్వడమే కష్టం.

ఆయన ఆడిన ఊళ్ళు మరచిపోలేదు. లాన్స్‌లో బొలార్ స్టేడియం దగ్గరి దారికి ఆయన పేరు పెట్టారు. ఆయన ధరించిన 17వ నంబరు చొక్కాను పక్కన పెట్టారు. మాంచెస్టర్ సిటీ 23వ నంబరును మరెవరికీ ఇవ్వలేదు. ఆయన ఆ క్లబ్బులో ఉన్నది ఒక్క సీజను, అదీ అరువుకు. ఫ్రెంచి లీగ్‌లో ఆడే ఉత్తమ ఆఫ్రికా ఆటగాడికి ఫ్రాన్స్ అంతర్జాతీయ రేడియో 2009లో మొదలుపెట్టిన వార్షిక బహుమతి ఆయన పేరు మీదనే ఉంది.

లియోన్ కూడా 17వ నంబరును దాచి ఉంచింది. 2008లో కామెరూన్ జాతీయ జట్టు మధ్యశ్రేణి ఆటగాడు జాన్ మకూన్ ఆ క్లబ్బులో చేరినప్పుడు, ఆ నంబరును ఆయనకు అప్పగించారు. ఐదేళ్ళ తరువాత జెర్లాన్ మైదానం మధ్యలో మళ్ళీ ఒక కామెరూన్ ఆటగాడి వీపు మీద 17 కనబడింది.